డెబ్బై రెండు బొమ్మలు

క్లిమెంతీ ద్రోనిన్ ముప్ఫై నాలుగు సార్లు చచ్చిపోయాడు.
లెక్క నాది. కత్తెర పట్టిన చేతిది.
మంచులో పదకొండు సార్లు,
గోధుమ చేలో నాలుగు,
ఒకసారి ఆవు కింద పడి.
అది హాస్య చిత్రం, జనం చప్పట్లు కొట్టారు.

స్వెర్ద్‌లోవ్‌స్క్ స్టూడియో, మూడో అంతస్తు,
కిటికీకి నల్లగుడ్డ.
అతని ముఖం నాకు కంఠతా వచ్చు.
ఏ ఫ్రేములో కుడి కనుబొమ లేస్తుందో,
ఏ మాట ముందు గుటక మింగుతాడో.
ఎదురుగా వచ్చి కూర్చుంటే మాత్రం
పోల్చుకోవడానికి ఒక క్షణం పట్టేది.
మనిషి మరీ ఎక్కువ కదిలేవాడు.

సిల్వా ఒడ్డున ఏదో పల్లె. యుద్ధం నాటికి పదేళ్లవాడు.
రొట్టెల బండి తోలేవాడట,
బండి నిండా రొట్టె, కడుపులో ఏమీ లేదు.
గుర్రం పేరు చెప్పేవాడు, మార్తా.
తండ్రి పేరు ఎన్నడూ ఎత్తలేదు.
ఎడమచేతి చిటికెన వేలిని చలి కొరికేసింది.
అందుకే ముప్ఫై ఏళ్ల సినిమాల్లో ఆ చెయ్యి
జేబులోనో, తుపాకీ చాటునో,
ఎవరో అమ్మాయి భుజం వెనకో ఉంటుంది.
వెతికి చూడండి.
నేను కత్తిరించలేకపోయిన చోట్లు రెండున్నాయి.

మీ మధ్య ఏమైనా ఉండేదా అని అడుగుతారు.
టేబుల్ ఉండేది.
దానిమీద అతను.

హీరో ఒక్కసారే అయ్యాడు.
పడవ దాటించేవాడి కథ. నది, పొగమంచు, ఎవరూ చావరు.
మాస్కో నుంచి వచ్చిన కోట్లవాళ్లు చివరిదాకా చూసి
"ఇందులో నది ఎటు పోతోంది?" అన్నారు.
దర్శకుడు యెగోర్ లూకిచ్ ఉన్నమాటే చెప్పాడు:
"కిందికి."
డబ్బాలు పంతొమ్మిదేళ్లు అటకమీద పడుకున్నాయి.

క్లిమెంతీ మళ్లీ చావడానికి వెళ్లాడు.
బస్సులో ముసలమ్మలు చెయ్యి పట్టుకుని
"బతికే ఉన్నావా నాయనా!" అని
ఆపిల్ పండు పెట్టేవారు.
పేరు ఒక్కరికీ తెలీదు.

ఎనభై ఏడులో డబ్బాలు తెరిచారు.
హాలు సగం ఖాళీ.
చీకట్లో నా మోచెయ్యి పట్టుకుని
"ఆ కుర్రాడెవరు, బాగా చేస్తున్నాడే" అన్నాడు.
హాస్యమాడాడనుకున్నాను.
ఇప్పటికీ రూఢిగా చెప్పలేను.

తర్వాత స్టూడియో సోఫాల గోడౌన్ అయింది.
అతను టీవీలో మయొనైజ్ తిన్నాడు,
తాతయ్య నవ్వు నవ్వాడు.
ఆ డబ్బుతో పళ్లు కట్టించుకున్నాడు.
కట్టుడు పళ్లతో మాట ఈలవేసింది,
పిలవడం మానేశారు.

ఫిబ్రవరిలో పూడ్చాం. నేల గడ్డపారకి లొంగలేదు,
ముందురోజు రాత్రంతా టైర్లు తగలబెట్టి కరిగించారట.
మేం పద్నాలుగు మందిమి.
పెట్టె మూత తీసే ఉంచారు.
ముఖం మీద మంచు రేణువులు పడ్డాయి, కరగలేదు.
కాలు మార్చి కాలు మార్చి నిలబడ్డాను.
సిగ్గుచేటు, అయినా చెప్తున్నాను,
ఎదురుచూశాను.

ఎందుకంటే డెబ్బై నాలుగులో,
గోధుమ చేలో మూడో చావు, ఆరో టేకు,
యెగోర్ లూకిచ్ "ఆపండి" అనడం మరిచిపోయాడు.
కెమెరా తిరుగుతూనే ఉంది.
శవం ఒక కన్ను తెరిచింది.
"అయిందా? టీ ఏమైనా ఉందా?"
మూడు సెకన్లు.
కత్తిరించాను. బుట్టలో వెయ్యకుండా జేబులో వేసుకున్నాను.
దొంగతనమే. ప్రభుత్వ ఆస్తి.

ఆ ముక్క ఇప్పుడు వెనిగర్ వాసన వేస్తోంది,
అంచులు ముడుచుకుపోతున్నాయి.
ఆడించే యంత్రం నాకు తెలిసినంతలో ఊళ్లో లేదు.
సాయంత్రాలు వంటింటి కిటికీకి అడ్డం పెట్టి
వేలితో జరుపుతాను.
డెబ్బై రెండు బొమ్మలు. మాట లేదు,
మాట వేరే టేపులో ఉండేది, అది పోయింది.
నలభయ్యో బొమ్మ దాకా చచ్చిపోయే ఉంటాడు.
అక్కడ వేలు ఆపుతాను.

ముందు స్టవ్ మీద నీళ్లు మరగాలి.